మొహాల గొడుగులు

వీధిలో అందరికీ ఆయన గొడుగుల మావయ్య. విరిగిన ఊచలు సరిచేయడం, చిరిగిన గుడ్డకు మాసిక వేయడం ఆయన పని. నోరు మాత్రం ఒక్క క్షణం ఊరుకోదు. ఆ మాటలకు అందరికంటే ముందు పకపకా నవ్వేది ఆయన భార్యే. సాయంత్రమైతే కొట్టు ముందు బల్ల మీద కూర్చుని, తల దువ్వుకుంటూ, వచ్చేపోయేవాళ్లను పలకరించేది.

సర్కారువాళ్లు ఎదురు స్తంభానికి కెమెరా బిగించిన రోజు నుంచి ఆమె బయటికి రావడం మానేసింది.

"నేను తల దువ్వుకుంటుంటే ఎవడో తీరిగ్గా కూర్చుని చూస్తాడా? నా వల్ల కాదు" అంది.

బల్ల బోసిపోయింది. మావయ్యకు అన్నం సహించలేదు. పెళ్లాం నవ్వని సాయంత్రం ఆయనకు సాయంత్రమే కాదు.

కెమెరా పైనుంచి చూస్తుంది. పైనుంచి కనబడేది గొడుగే. ఈ సంగతి తట్టగానే మావయ్య రంగుల డబ్బాలు దించాడు. ఒక గొడుగు మీద నాలుక చాపిన తన మొహమే వేసుకుని, దాని కింద కూర్చుని దర్జాగా పని చేసుకున్నాడు. ఇంకేముంది, వీధి వీధంతా ఎగబడింది.

"నాకు రెండు గడ్డాలు వేశావేంటి మావయ్యా, ఒకటి తీసెయ్!" అని ఇస్త్రీ అక్క పోట్లాట. బట్టతల మాస్టారు ఒత్తైన జుట్టు వేయించుకున్నాడు. వానా లేదు, ఎండా లేదు, ఎటు చూసినా గొడుగులే. పైగా ఒకరి గొడుగు ఒకరు పట్టుకుని తిరగడం!

చివరికి కెమెరా ఆఫీసు అధికారి రొప్పుతూ వచ్చాడు.

"కింద ఎవరున్నారో తెలియడం లేదయ్యా!"

"అదేంటి సార్, మీకు శ్రమ లేకుండా మొహాలు పైనే వేశాను కదా!"

అధికారి కసరబోయి నవ్వేశాడు. గొడుగు పట్టుకోకూడదనే రూలు ఆయన దగ్గరా లేదు మరి.

ఇంత సందడైనా భార్య మాత్రం గడప దాటలేదు. నీ మొహమూ వేస్తానన్నా ఒప్పుకోలేదు.

"బొమ్మయినా నా మొహమే కదా. వాళ్లకెందుకు చూపించాలి?"

మావయ్య అన్నిటికంటే పెద్ద గొడుగు తీసి, బొమ్మ వేసి, రంగు ఆరాక ఆమె ముందు విప్పాడు. ఆ గుడ్డ మీద మొహం లేదు. అటు తిరిగి కూర్చున్న ఆడమనిషి వీపు, దాని మీద విరబోసిన జుట్టు.

"వాళ్లకు ఇది చాలు. మొహం నాకు కావాలి" అన్నాడు.

ఆమె కాసేపు ఆ బొమ్మను చూసింది. తర్వాత దువ్వెన తీసుకుని, గొడుగు ఆయన చేతికే ఇచ్చి, బయటికొచ్చి బల్ల మీద కూర్చుంది.

"సరిగ్గా పట్టుకో. నేను లోపలున్న ఇన్నాళ్లూ నాకు చెప్పకుండా దాచిన కబుర్లన్నీ ఇప్పుడు చెప్పు."