వంటింటికి కిటికీ అడిగిన సింహాచలం

విశాఖపట్నంలో హోటళ్లు పెరిగినంత జోరుగా వంటవాళ్లు పెరగలేదు. హార్బరు పుణ్యమా అని వీధికో భోజన హోటలు వెలిసింది. పాలరాతి బల్లలు, ఫ్యాన్లు, రేడియో, అన్నీ ఉన్నాయి. పొయ్యి దగ్గర నిలబడే మనిషే కరువు. మా మిలిటరీ హోటల్లో చేపల పులుసు వండే సింహాచలం సెలవు పెట్టి ఉద్దానంలోని తన పల్లెకి వెళ్లాడు, నెల దాటినా రాలేదు. సగం బల్లలు ఖాళీ. "అతను రాకపోతే నెలాఖరుకి మూసేద్దాం" అన్నాడు యజమాని. మేనేజరుగా నా బతుకూ అందులోనే ఉంది కనుక బయలుదేరాను.

తెల్లవారుజామున వాల్తేరులో పాసింజరు ఎక్కాను. మూడో తరగతి టిక్కెట్టు మూడు రూపాయల చిల్లర. నౌపడాలో టెక్కలి వాళ్లు దిగిపోయాక కాళ్లు చాపుకునే చోటు దొరికింది. పదకొండుకి పలాస. అక్కడినుంచి సముద్రపు ఒడ్డునున్న అతని పల్లెకి ఎడ్లబండిలో నాలుగు గంటలు. కొబ్బరి, జీడి, పనస తోటల నీడలో ఎండే తెలియలేదు. "పట్నంలో అంతమందీ వోటళ్లలోనే తింతారేటి బావూ? ఇళ్లు నేవా?" అన్నాడు బండి తోలే అప్పన్న. నవ్వాపుకోలేకపోయాను.

నన్ను చూడగానే సింహాచలం ముఖం వెలిగిపోయింది. ఎందుకొచ్చారని అడక్కుండానే విస్తరి వేసి, తను వండిన కోనెం చేప పులుసు వడ్డించాడు. అబ్బ, ఏం రుచి! నేను మాత్రం అతన్నెలా ఒప్పించాలా అని ఆలోచిస్తూ, వంచిన తల ఎత్తకుండా తిన్నాను. చివరికి చూస్తే మొగుడూ పెళ్లాలిద్దరూ నిలబడే ఉన్నారు.

"పులుసు బాగోనేదా బావూ?" అంది అతని భార్య ఎర్రమ్మ, బెంగగా. "తిన్నోలు నోరిప్పి సెప్పేదాకా మా ఇళ్లల్లో వండినోలు ముద్ద ముట్టరు."

సిగ్గుతో చచ్చిపోయాను. "ఇంత మంచి పులుసు నేనెక్కడా తినలేదు" అన్నాను. నాలుగేళ్లలో ఆ మాట అతనితో అనడం అదే మొదలు. ఉప్పెక్కువైనప్పుడు తప్ప వంటింట్లోకి తొంగిచూసిన పాపాన పోలేదు.

సింహాచలం నవ్వాడు. "అక్కడ పొగలో వండుతాను, గిన్నెలు బయటికెల్లిపోతాయి. ఎవులు తిన్నారో, ఏటన్నారో తెల్దు. నాను రానిది జీతం తక్కువని కాదు బావూ. వంటింటి గోడకో కిటికీ ఎట్టించండి, తినేవోల మొకాలు అవుపించాల. రేపే వత్తాను."

యజమానిని అడక్కుండానే మాటిచ్చేశాను. మర్నాడు ఇద్దరం కలిసే రైలెక్కాం.

ఇప్పుడు కిటికీ పక్క బల్ల కోసం జనం కాచుకుంటున్నారు. "భేష్ సింహాచలం" అని కేకేస్తే లోపల్నుంచి మరో గరిటె పులుసు వస్తుంది. యజమాని మూసేసే మాటే ఎత్తడం లేదు. వండేవాడికి తినేవాడి ముఖం చూపించకపోవడమే మా పట్నం హోటళ్ల అసలు జబ్బని నాకిన్నాళ్లకి తెలిసింది, అదీ ఒకరింట ఎంగిలి చేత్తో కూర్చున్నాక. ఉద్దానం వెళ్లేవారికి ఒక్క మాట: పలాసలో దిగగానే భోజనం కానిచ్చెయ్యకండి. ఆకలి మిగుల్చుకుని వెళ్లండి.