రెండు సూర్యుళ్ళ దేశం, మా మామ కళ్ళు

నేను రాసిన నవలను ఎవరూ పట్టించుకోకపోయినా నాకు బాధ లేదు. విని, నమ్మి, ఆచరణలో కూడా పెట్టిన ఒకే ఒక్క మనిషి మా మామ కావడమే నా ఖర్మ.

ఆ నవలలో ఒక దేశం ఉంది. అక్కడ ఆకాశంలో ఇద్దరు సూర్యుళ్ళు. అందుకని ప్రతి వస్తువుకూ రెండు నీడలు, గడియకో రంగు. చూసినదాన్ని నమ్మి మోసపోయి మోసపోయి, అక్కడి పెద్దలు చివరికి ఒక తత్వం కట్టుకున్నారు. కన్ను చెప్పేది పుకారు, చెయ్యి చెప్పేదే సాక్ష్యం. ఆ మతంలో చేరినవాళ్ళు కళ్ళు మూసుకుని తడిమి చూశాకే దేని గురించైనా నోరు విప్పాలి. చంద్రుణ్ణి తాకలేం కాబట్టి నలుగురిలో చంద్రుడి ఊసెత్తడం వాళ్ళకు మర్యాద కాదు. రాసేటప్పుడు ఇదంతా నాకు భలే సరదాగా ఉండేది.

మామది, అంటే మా ఆయన తండ్రిది, ఆదోనిలో పత్తి వ్యాపారం. కుప్పలోంచి గుప్పెడు పత్తి తీసి, బొటనవేళ్ళతో పీకి, పింజ ఎంత పొడవుందో చెప్పడం ఆయనకు అలవాటు. పేపరులో అక్షరాలు కనిపించడం మానేశాక, మధ్యాహ్నం భోజనాలయ్యాక నా దగ్గర కూర్చుని రాసింది చదివించుకునేవారు. చెయ్యే సాక్ష్యం అన్న మాట వినగానే ఆయన తొడ చరిచారు. "అబ్బా! ఇన్నాళ్ళకు ఒగరు నిజం రాసినారమ్మా!"

పొంగిపోయాను. నా అంత తెలివితక్కువది ఇంకొకరుండరు.

ఆ తర్వాత కంటి డాక్టరు మాట ఎత్తితే చాలు, నా నవల నా మీదకే వచ్చేది. "కన్ను సెప్పేది పుకారని నువ్వే రాస్తివి. మళ్ళా ఆ పుకారు కోసరం కత్తి పెట్టించుకోమంటావా?" ఒకరోజు దండెం మీద ఆరేసిన అత్త చీరను చూసి అత్తే అనుకుని, టీ అడిగితే పలకవేమని తగువు పెట్టుకున్నారు. అత్త వంటింట్లోంచి వచ్చి తల కొట్టుకుంది. "ఈయప్పకు బుద్ధి యాడుందమ్మా? ముందు నువ్వు ఆ రాతలు సదివి పెట్టేది మాను!" మామ ఏమాత్రం తగ్గలేదు. చీరను తడిమి చూశాకే అది నువ్వు కాదని తెలిసింది, చెయ్యి చెప్పింది నిజమైంది కదా అన్నారు. ఇలాంటి మనిషితో ఎలా వేగాలి?

పోనీ, ఆయన దారిలోనే పోదామనుకుని ఒక కొత్త అధ్యాయం రాశాను. అందులో ఒక జ్ఞానిని తెచ్చి, చూపు కూడా దూరం పోగల చెయ్యేనని వాదింపజేసి, సభలో అందరినీ ఓడింపజేశాను. మామ చివరిదాకా కదలకుండా విన్నారు.

"ఈ పెద్దమనిషి నిన్నటిదాంక యాడుండె?"

"కొండల్లో తపస్సు చేసుకుంటున్నాడు మామా."

"తపస్సు లేదు, ఏం లేదు. నన్ను ఆస్పత్రికి తోలేకి పుట్టిచ్చినావు ఈయప్పను. కొట్టెయ్."

కొట్టేయలేదు గానీ కాగితాలు బల్ల మీద విసిరికొట్టి లేచిపోయాను.

ఒకనాడు మామ గడప తట్టుకుని మెట్ల మీద పడ్డారు, మోచేయి చీరుకుపోయింది. అప్పుడు మాత్రం ఆయన ఏ తత్వమూ మాట్లాడలేదు. ఆదోనిలో చూపించుకుంటే తన కళ్ళు పోయాయని మార్కెట్ యార్డంతా పాకుతుందని, మా పుట్టింటి ఊరైన ఎమ్మిగనూరుకైతే వస్తానన్నారు. బస్సులో దారి పొడుగునా వాదించారు. నేను కిటికీ వైపు తిరిగి కూర్చున్నాను.

ఆస్పత్రిలో డాక్టరమ్మ ఎదురుగా నిలబడి వేళ్ళు చూపించి, ఎన్నో చెప్పమంది. మామ భుజం మీది తువ్వాలు తీసి తన చేతి మీద కప్పుకుని, ఆ చెయ్యి చాచారు. "నీ సెయ్యి ఇట్లియ్యి తల్లీ, సెప్తా." పత్తి బేరంలో పక్కవాళ్ళకు ధర తెలియకుండా తువ్వాలు కింద వేళ్ళు నొక్కి బేరమాడే పాత పద్ధతి అది. డాక్టరమ్మ నవ్వింది. నాకు నవ్వు రాలేదు. మూరెడు దూరంలో ఉన్న వేళ్ళు కూడా ఆయనకు కనిపించడం లేదు.

శుక్లాలు బాగా ముదిరిపోయాయని ఆవిడ చెప్పింది. ఇంకా జాగు చేస్తే లోపల ఒత్తిడి పెరిగి నరం దెబ్బతింటుందట, ఆ తర్వాత ఆపరేషన్ చేసినా చూపు రాదట. బయట బెంచీ మీద కూర్చోగానే మామ మళ్ళీ అందుకున్నారు. "వాళ్ళు అట్లనే సెప్తారమ్మా. మన దేశంలో..." ఆయన లెక్కలో మన దేశమంటే ఇద్దరు సూర్యుళ్ళున్నదే. ముఖం చూస్తే, ధర తెగక ముందు యార్డులో నిలబడ్డ వ్యాపారిలా నిబ్బరంగా ఉంది.

నాకు ఒళ్ళు మండిపోయింది. మా ఇంట్లో కోడలు మామను తాకడమనేది లేదు. అదేమీ ఆలోచించకుండా, ఆయన ఒళ్ళోని తువ్వాలు కింద చెయ్యి పెట్టి, ఆయన రెండు వేళ్ళు గట్టిగా పట్టుకున్నాను. రెండు కళ్ళకూ ఆపరేషన్ అని.

ఆయన చెయ్యి వణుకుతోంది. చలిజ్వరం వచ్చినట్టు, మణికట్టు దాకా వణుకుతోంది. అరచేయి చెమటతో తడిసిపోయింది. ఇన్ని నెలలు మేమిద్దరం కన్ను గొప్పదా చెయ్యి గొప్పదా అని కొట్లాడుకున్నామే, ఒక్కసారైనా భయమేస్తోందమ్మా అని ఉంటే ఏం పోయేది! కోపమూ ఏడుపూ ఒకేసారి వచ్చాయి.

మామ ఎదుటి గోడనే చూస్తూ, నా రెండు వేళ్ళూ అందుకుని, ఒకటి వదిలేసి, ఒకటి మాత్రం నొక్కారు.

నేనూ ఒకటే నొక్కి, ఒక కంటికే బేరం ఒప్పుకున్నాను. లోపల్నుంచి పిలుపు వచ్చేదాకా ఆయన నా వేలు వదల్లేదు.