అగ్గిపెట్టె అందించే నాయకుడు

మా వీధి నాయకుడు దిష్టిబొమ్మకు తన చేత్తో ఏనాడూ నిప్పు పెట్టలేదు. "పెద్దలు, మీరే వెలిగించండి" అంటూ పక్కవాళ్ళకు అగ్గిపెట్టె అందించేవాడు. నేను చూసిన తొమ్మిదిసార్లూ అంతే. అంత జాగ్రత్తపరుణ్ణి మరెక్కడా చూడలేదు.

అరటి ధర పడిపోయినప్పుడు రావులపాలెం సెంటర్లో మంత్రి దిష్టిబొమ్మ నిలబెట్టాం. కండువా లేకపోతే మంత్రిలా ఉండదంటూ, ఆగస్టు పదిహేనుకు మిగిలిన జాతీయ జెండా తెచ్చి దాని మెడకు చుట్టింది నాయకుడే. వెలిగించింది మా తమ్ముడు.

"బొమ్మ కాల్చుకుంటే మాకేంటండి? జెండా కాలిస్తే మూడేళ్ళ దాకా జైలు" అన్నాడు ఎస్సై, తమ్ముణ్ణి జీపెక్కిస్తూ.

"ఆ గుడ్డ ఎవరు తెచ్చారో నాకు తెలీదండి" అన్నాడు నాయకుడు.

"పదింబావుకి మీ స్కూటర్ డిక్కీలోంచి తీశారు" అన్నాను.

"స్టేషన్లో ఈ మాటే రాసి సంతకం పెడతారా, అమ్మగారూ?" అన్నాడు ఎస్సై.

తమ్ముడి పక్కన జీపెక్కి కూర్చున్నాను.