నాన్నగారిని హైకోర్టుకు రప్పించిన మావయ్య

నందిగామలో మావయ్య పోయారన్న కబురు జగ్గయ్యపేటకు బస్సు కండక్టరు తెచ్చాడు. కోర్టుకు బయల్దేరుతూ వాకిట్లోనే కూలిపోయారట. అమ్మ గోడకు ఆనుకుని అలాగే ఉండిపోయింది. ఆయనతో ఏళ్ల తరబడి మాట్లాడని నాన్నగారు మాత్రం వెంటనే చొక్కా తొడుక్కున్నారు.

మావయ్య అమ్మకు అన్న, నందిగామలో ప్లీడరు. ఒకచోట కుదురుగా కూర్చోవటం ఆయనకు చేతకాదు. కాఫీ ఇస్తే నడవాలో అటూ ఇటూ తిరుగుతూ, పూర్తిగా చల్లారాక ఒక్క గుక్కలో తాగేవారు. స్టాండులో బస్సు కోసం ఆగలేక రోడ్డు వెంట నడిచి వెళ్లి, వెనక వచ్చే బస్సును దారిలో ఆపేవారు. కేసు ఓడినప్పటికంటే గెలిచినప్పుడే ఆయనకు కంగారు ఎక్కువ. "తీర్పు చెప్పటం కోర్టు వంతమ్మా. అది ఊళ్లో అమలవుతుందా లేదా అన్నదే నా దిగులు" అనేవారు నాతో.

హైకోర్టు హైదరాబాదుకు మారిన కొత్తలో, వత్సవాయి దగ్గర పోరంబోకులో గుడిసెలు వేసుకున్న కూలీలను ఖాళీ చేయించవద్దని ఆయన స్టే తెచ్చారు. అక్కడి రెవెన్యూ ఆఫీసరు మా నాన్నగారే. ఆర్డరు ఆయన చేతికి అందింది. అయినా పెద్ద రైతుల ఒత్తిడికీ, పైఅధికారి మాటకూ లొంగి గుడిసెలు పీకించేశారు. అప్పుడు వానలు.

మర్నాడు మావయ్య వచ్చారు. అమ్మ కుర్చీ వేసినా కూర్చోలేదు.

"బావా, పిల్లలు చర్చి వసారాలో తడుస్తున్నారు. గుడిసెలు మళ్లీ వేయించు. లేకపోతే కోర్టు ధిక్కారం కేసు వేస్తా."

"పైవాళ్లు చెప్పింది చేశా."

"కోర్టు కంటే పైవాడు ఎవడు బావా?"

"చెల్లెలి మొగుణ్ణి దోషిగా నిలబెడతావా?"

మావయ్య చాలాసేపు పచార్లు చేశారు. "వేరే ఆఫీసరైతే ఈపాటికి హైదరాబాదు బస్సెక్కేవాణ్ణి. చెల్లెలి మొహం చూసి ఇక్కడికొచ్చా" అన్నారు.

తలుపు పక్కనున్న అమ్మ, "నన్ను చూసి ఆగకు అన్నయ్యా" అంది.

ఆయన ఆగలేదు. హైకోర్టులో నాన్నగారు చేతులు కట్టుకుని క్షమాపణ చెప్పుకున్నారు. ముందు గుడిసెలు వేయించి రమ్మన్నారట జడ్జిగారు. వేయించాక మందలించి వదిలారు. రావలసిన ప్రమోషను మాత్రం రాలేదు.

తర్వాత నాన్నగారు ఆఫీసులో ఉండే వేళ చూసే మావయ్య మా ఇంటికి వచ్చేవారు. గుమ్మం వైపు చూస్తూనే అమ్మతో మాట్లాడి, త్వరత్వరగా వెళ్లిపోయేవారు. చిన్నతనంలో నాకు ఆయన మీద కోపం ఉండేది. "గెలిచారుగా మావయ్యా" అని ఒకసారి దెప్పాను.

"మీ నాన్న చెడ్డవాడు కాదమ్మా. భయపడ్డాడు. కేసు వేసేటప్పుడు నాకూ భయమేసింది" అన్నారు. ఆ మాట అన్నందుకు ఆయనకు ఇప్పటికీ కృతజ్ఞురాలిని. ఆ తర్వాత నేను వాళ్లిద్దరిలో ఎవరినీ వదులుకోవలసిన పని లేకపోయింది.

అంత్యక్రియల నాడు వత్సవాయి నుంచి లారీలో వచ్చిన ఆ గుడిసెలవాళ్లు లోపలికి రావటానికి జంకి, ఎండలో వీధిలోనే నిలబడ్డారు. నాన్నగారు ఎవరికీ చెప్పకుండా నీళ్ల బిందె, గ్లాసు తీసుకుని బయటికి వెళ్లారు. ఒక ముసలమ్మ గుర్తుపట్టింది.

"ఆఫీసరుబాబుగారాండి?"

"అవునమ్మా. తాగు."

ఆమె ఆయన మొహం కేసి చూస్తూనే తాగి, గ్లాసును కొంగుతో తుడిచి ఇచ్చింది. నాన్నగారు మళ్లీ నింపారు. బిందె వంచినప్పుడల్లా నీళ్లు చొక్కా మీద ఒలుకుతున్నా, ఒక్కొక్కరికే అందిస్తూ వీధి చివరికి నడుస్తున్నారు.