పెద్దమ్మ రాసిన ముగింపు

మా చిన్న సినిమా చూసినవాళ్ళు చివరి సన్నివేశం ఎలా రాశారని అడుగుతారు. ఇన్నాళ్ళూ నవ్వి ఊరుకున్నాను. నిజానికి అది మా పెద్దమ్మది.

విడిపోవాలనుకున్న భార్యాభర్తల ప్రయాణం కథ. ఒకే వ్యానులో రాజమండ్రి నుంచి అంతర్వేది దాకా తిరుగుతూ తీశాం. వంటకి పెద్దమ్మ వచ్చింది. ఎవరు గొంతు పెంచినా ఆవిడ చెయ్యి అన్నం క్యారియర్ మీదికి వెళ్ళేది.

నరసాపురం రేవులో నాయిక మొగుణ్ణి వదిలేసి గోదావరి దాటించే పంటు ఎక్కాలి. ఇద్దరూ అరుచుకుంటున్నారు. పెద్దమ్మ అది నిజమనుకుని, పులిహోర ముద్దతో కెమెరా ముందుకి నడిచింది.

"ముందిది తిను తల్లీ. తగువెక్కడికీ పోదు. నువ్వూ చెయ్యి పట్టు నాయనా."

నాయిక తింటూ నిజంగానే ఏడ్చేసింది. నేను మాత్రం "కట్" అని అరిచి, అందరి ముందూ పెద్దమ్మని కసిరాను. అదృష్టం, కెమెరా అతను ఆపలేదు. ఆ ముద్దే మా ముగింపయింది. చప్పట్లు నేను తీసుకున్నాను.

మొన్న పాలకొల్లు వెళ్ళి ఆవిడకి సినిమా చూపించాను. "ముగింపు: మా పెద్దమ్మ" అని తెరమీద కొత్తగా చేర్చాను. ఆవిడ అది చూడనేలేదు.

"ఆ పిల్ల మొగుడితోనే ఉంటోందంట్రా?"

"సినిమాలో ఉంది పెద్దమ్మా. నువ్వే కలిపావు."

"మరి! ఆకల్రా అదంతా. ఇంతకీ నువ్వు తిన్నావా?"

క్షమించమని నేను నోరు తెరిచేలోగా కంచం పెట్టేసింది.