అనంతమ్మ బోరు, వీరేశం స్లాబు

స్త్రీల ఉన్నత విద్య కోసం మహామహులు సభలు పెట్టారు, తీర్మానాలు చేశారు. దిల్‌సుఖ్‌నగర్ వెనక కాలనీలో అనంతమ్మ ఆ రెండూ చెయ్యలేదు. ఆమెకు ఒక బోరు ఉండేది.

సరూర్‌నగర్ వైపు ఆమె వరి పండించిన పొలమంతా ఎనభైల మొదట్లో ప్లాట్లయిపోయింది. కొన్నవాళ్లు ఇళ్లకు దేవుళ్ల పేర్లు పెట్టుకున్నారు గాని నల్లా మాత్రం పెట్టించుకోలేకపోయారు. నడుమ మిగిలిన ఆ పాత బోరే అందరికీ గంగ. మోటారు గదికి తాళం, ఆ తాళంచెవి అనంతమ్మ నడుముకు. బిందెల వరుసలో ముందెవరో ఆమే తేల్చేది. ఆడపిల్లను కాలేజీకి పంపే ఇల్లు ముందు. చదువు మధ్యలో మాన్పించిన ఇంటివాళ్ల వంతు వచ్చేసరికి, ఎందుకో, కరెంటు పోయేది. ఆమె స్వయంగా ఐదో తరగతి మధ్యలో పెళ్లిపీటల మీదికి బదిలీ అయిన మనిషి.

ఎల్బీనగర్‌లో ఇనుప సామాన్ల దుకాణం ఉన్న వీరేశానికి ఈ రాజ్యాంగం తెలియక కాదు. కూతురు స్వరూపరాణి ఇంటర్ ఫస్ట్‌క్లాసులో పాసైనా, డిగ్రీ వద్దని తేల్చేశాడు. అంతటితో ఆగకుండా, జూన్ వచ్చినా చినుకు పడని ఆ ఏడు, ముహూర్తం చూసుకుని ఇంటికి స్లాబు వేశాడు. ఆ రోజు అనంతమ్మ నీళ్లు ధారాళంగా ఇచ్చింది. స్లాబు దావత్‌లో కూర్చుని మటన్ కూడా మెచ్చుకున్నది.

మర్నాడు మేస్త్రీ స్లాబు మీద మట్టిగట్లు కట్టి, వరిమళ్లలాగా చేసి, నీళ్లు నింపమన్నాడు. తడి ఆరితే స్లాబు పగులుతుంది. వీరేశం బోరు దగ్గరికి వెళ్లాడు.

"పెద్దమ్మా, జర మోటరు ఏయరాదే!"

"యాడిది బిడ్డా, మోటరు కాలిపాయె."

అదే క్షణంలో గుంటూరు నుంచి వచ్చి కిరాయికి ఉంటున్న శేషారత్నం, మోటారు గది వెనక నుంచి నిండు బిందెతో నడిచివచ్చింది. వీరేశం చూపు బిందె మీద పడింది.

"మా అమ్మాయి ఎమ్మే చదువుతోంది గదండీ, మాకు పనిచేస్తుంది" అని ఆమె వినయంగా చెప్పి వెళ్లిపోయింది.

"మా పిల్ల సంగతా?" అన్నాడు వీరేశం. "డిగ్రీ సదివిస్తే, దానికన్న ఎక్కువ సదివినోన్ని యాడికెల్లి తేవాలె పెద్దమ్మా?"

"తక్కువ సదివినోన్నే తే. ఏడు సదివిన నీ పెండ్లాం పూలమ్మ, నాలుగు సదివిన నీతోని ఏగుతలేదా?"

వీరేశం పౌరుషంగా చంపాపేట్ వెళ్లి నీళ్ల ట్యాంకరు మాట్లాడుకొచ్చాడు. సందు మొగదల్లో రెండు బర్రెలు అడ్డంగా పడుకుని ఉన్నాయి. అవి అనంతమ్మవి; ఆమె పక్కనే నిలబడి ఉంది. డ్రైవరు హారన్ కొట్టాడు. బర్రెలు నెమరేశాయి.

"లేపు పెద్దమ్మా!"

"పాలిచ్చేటియి, బెదిరిస్తే ఎట్ల? మనసొస్తే అయే లేస్తయి."

వాటి ముందు పచ్చగడ్డి మోపు విప్పి ఉంది. పొద్దున దాన్ని మోసుకొచ్చింది స్వరూపరాణే అని తర్వాత తెలిసింది. డ్రైవరు కాసేపు చూసి, ట్యాంకరు నీళ్లను పక్క కాలనీలో అమ్ముకుని పోయాడు.

మధ్యాహ్నానికి స్లాబు ఒక మూల తెల్లబడింది. "ఇంకో పూట ఇట్లనే ఉంటే నెర్రెలిస్తది సేట్" అన్నాడు మేస్త్రీ. వీరేశం తల పట్టుకుని మెట్ల మీద కూలబడ్డాడు. కింది మెట్టు మీద స్వరూపరాణి, సర్టిఫికెట్లున్న ప్లాస్టిక్ కవరు ఒళ్లో పెట్టుకుని కూర్చుని ఉంది.

"కాలేజీల చేరనీకి ఆఖరు తారీఖు ఇయ్యాల్నే నాయినా" అన్నది. "నాలుగింటిదాంక తీస్కుంటరంట."

వీరేశం స్లాబు వైపు చూశాడు. కూతురి వైపు చూశాడు. స్కూటరు తీశాడు.

కోఠీలో పిల్లను చేర్పించి అతను తిరిగి వచ్చేసరికి బర్రెలకు మనసొచ్చింది. కాలిపోయిన మోటారు తనంత తానే కోలుకుంది. స్లాబు మీది మళ్లన్నీ నిండి ఆకాశం కనపడుతోంది.

మూడేళ్లకు స్వరూపరాణి బీయెస్సీ అయింది. ఆడపిల్లల చదువు గురించి తాను మొదటినుంచీ మొత్తుకుంటున్నానని వీరేశం కాలనీ మీటింగులో ఉపన్యసించాడు. అనంతమ్మ చప్పట్లు కొట్టింది. నల్లా ఇంకా రాలేదు, వీరేశం పైన ఇంకో అంతస్తు లేపుతున్నాడు. మీటింగు కాగానే అతనే దగ్గరికి వచ్చాడు.

"పెద్దమ్మా, వచ్చే బేస్తారం స్లాబు..."

"మొదటి స్లాబుకు బీయెస్సీ అయింది గద బిడ్డా," అన్నది అనంతమ్మ తాళంచెవి సవరించుకుంటూ. "ఇది దాని మీద పడే బరువు. ఎమ్మెస్సీ గావాలె."

వీరేశం స్కూటరు దగ్గరికి నడిచాడు. వెనక సీటు మీద స్వరూపరాణి, కవరుతో సహా, అప్పటికే కూర్చుని ఉంది.