నురగ చూసే తనూజ

పాలమ్మే తనూజకు మతి చెడిందని మా గల్లీలో అనుకుంటున్నారు. అదేం లేదు. దుకాణంలో ఆమె కుదురుగా నిలబడదు, అంతే. సబ్బుపొడి పొట్లాలు తీస్తుంది, పెడుతుంది. చిటికెడు పొడి అడిగి అరచేతిలో తడిపి రుద్దుతుంది. నురగ పొంగితే పొట్లం వద్దని పక్కన పెట్టి, చెయ్యి కొంగుకు తుడుచుకుంటుంది. నిన్న దుకాణం దుర్గయ్య, "పొడి కొంటే బకెట్ ఫ్రీ అక్కా, పట్టుకపో" అన్నా వద్దని, కుంకుడుకాయలు కట్టించుకుంది. ఇంటి ముందు బట్టలుతుకుతూ మూడుసార్లు లేచి, ఆ నీళ్లు పారే మోరీలోకి వంగి చూసింది.

ఇక ఆగలేక నేనే వెళ్లి అడిగాను: "ఏందే తనూజా, మోరీల ఏం పోగొట్టుకున్నవ్?"

"గీ నీళ్లు మూసీలకే పోతయ్ పెద్దమ్మా. మా బర్రెలు మేసే గడ్డి ఆ ఒడ్డుకే పెరుగుతది. పోయిన నెల సబ్బుపొడి నురగంటిన గడ్డి తిని ఒకటి లేవకుండ పడుకున్నది. వాటి పాలే గద నువ్వు చాయ్‌ల పోసుకునేది."